పెదనాన్న కళ్లారా చూసిన సంగతి

సూదక్కకి కోపం ఎక్కువని ఆ లాండ్రీలో ఎవర్నడిగినా చెబుతారు. చెప్పేవాళ్లంతా ఆ కోపానికి కారణమైనవాళ్లే. ఆ ముక్క మాత్రం చెప్పరు.

ఆమె పని చిరిగిన దుప్పట్లు కుట్టడం. ఆసుపత్రుల నుంచి, లాడ్జీల నుంచి మూటలు మూటలుగా వచ్చే బట్టలు ఉడికి, ఉతికించుకుని, పిండించుకుని, ఆరి, చివరికి ఆమె బల్ల మీదికి చేరతాయి. చిరుగెక్కడుందో చేత్తో తడిమి పట్టేస్తుంది. ఎప్పుడూ నోట్లో నాలుగు గుండుసూదులు ఉంటాయి కాబట్టి సూదక్క అయింది. ఆ సూదులున్నంతసేపే ఆమె నోరు మూతబడి ఉంటుందని, అందుకే మేస్త్రీ సూదులకి లోటు రానివ్వడని వెనకాల నవ్వుకునేవాళ్లు. ముందర నవ్వడానికి ఎవరికుంది ధైర్యం?

ఒకప్పుడు ఆమెకో మొగుడుండేవాడు. ఆమె వెళ్లగొట్టిందో, అతనే లేచిపోయాడో, ఒక్కొక్కరు ఒక్కో కథ చెబుతారు. ఆమెనడిగితే "పీడ విరగడైంది" అంటుంది. ఇక మిగిలింది తమ్ముడు. తల్లి పోయేనాటికి వాడింకా పలక పట్టుకునే వయసువాడు. వాడికి అన్నం పెట్టింది, తన్నింది, బడికి పంపింది, బడి ఎగ్గొట్టి వస్తే మళ్లీ తన్నింది. ఎదిగాక చెయ్యి పట్టుకుని తీసుకొచ్చి ఈ లాండ్రీలోనే పనికి పెట్టింది. తాడిచెట్టంత మనిషి, అందరూ నిచ్చెన అని పిలిచేవాళ్లు. నోట్లో నాలుక లేనివాడు. ఇద్దరికీ కలిపి ఇచ్చిన నోరంతా అక్కే తీసేసుకుందని వాడి నేస్తం బొంగరం అనేవాడు. బొంగరం అంటే ఉతికే యంత్రం దగ్గర నిచ్చెనతో పాటు పనిచేసే పొట్టివాడు, ఒక్క చోట నిలబడితే ఒట్టు.

ఇప్పుడు ఆ లాండ్రీ సంగతొకటి చెప్పాలి. అది చెప్పకపోతే ఈ కథలో ఏదీ అర్థం కాదు.

పొద్దున్నే బాయిలర్ అంటించారంటే లోపలంతా ఆవిరే. నాలుగు బారల అవతల మనిషున్నాడో గోడుందో తెలియదు. మేస్త్రీ పైన అద్దాల గదిలో కూర్చుంటాడు, కిందికి దిగడు, దిగితే ఊపిరాడదంటాడు. పాపం, కింద పనిచేసేవాళ్లకి ఊపిరితిత్తులు లేవు కాబోలు! ఆ గదిలోంచే మైకులో ఒక్కొక్కరినీ పిలుస్తాడు. కింద నుంచి "ఉన్నా" అని కేక వస్తే హాజరు పడ్డట్టే. ఎవరైనా ఆలస్యమైతే వాడి వంతు వచ్చినప్పుడు పక్కవాడు "ఉన్నా" అనేస్తాడు. దీన్ని వాళ్లు బదులు పలకడం అంటారు. ఇది మోసమని ఎవరికీ ఎన్నడూ తోచలేదు, క్యూలో పక్కవాడి చోటు కాచినట్టే అనుకున్నారు. ఇవాళ నీకు నేను, రేపు నాకు నువ్వు. ఎవరికెవరు పలకాలో కూడా ఖాయమే. నిచ్చెనకి బొంగరం. సూదక్కకి పక్క బల్ల మీద మడతలు పెట్టే వదిన.

ఈ సంగతి తెలియని మనిషి ఆ లాండ్రీ మొత్తానికి ఒక్కడే ఉన్నాడు. ఆయన ఇస్త్రీ పెదనాన్న. ఎవరికీ పెదనాన్న కాదు, అందరికీ పెదనాన్నే. జుట్టు నల్లగా ఉన్నప్పుడు వచ్చి ఇస్త్రీ బల్ల ముందు నిలబడ్డవాడు, తల ముగ్గుబుట్టయినా అక్కడే ఉన్నాడు. ఒక్క రోజు ఆలస్యంగా వచ్చింది లేదు. అందుకే ఆయనకి ఎవరూ బదులు పలకాల్సిన అవసరం రాలేదు, ఆయన్ని ఎవరూ పలకమని అడగనూ లేదు. అబద్ధమాడడని పేరు. దారిలో రూపాయి దొరికితే పోగొట్టుకున్నవాడి కోసం సాయంత్రం దాకా కాసుకుని కూర్చునే రకం. నిచ్చెనకి ఇస్త్రీపెట్టె పట్టుకోవడం నేర్పింది ఆయనే. అలాంటివాడు తమ కొంప ముంచుతాడని సూదక్క కలలో కూడా అనుకోలేదు.

ఆ రోజు నిచ్చెన పనిలోకి రాలేదు. పన్నుపోటు. దవడ వాచిపోయి, కన్ను సగం మూసుకుపోయింది. రాత్రంతా వాడూ నిద్రపోలేదు, అక్కనీ పోనివ్వలేదు. తెల్లారేసరికి ఆమె ఉప్పునీళ్లు కాచి పుక్కిలింపించి, లవంగం నూరి పెట్టి, వాడి కన్ను అంటుకునేదాకా పక్కనే కూర్చుని, ఆ తర్వాత బయల్దేరింది. ఆలస్యమైంది. అయితే ఏం? మడతల వదిన పలుకుతుంది. తమ్ముడికి బొంగరం పలుకుతాడు. ఇద్దరూ పలికారు.

సూదక్క వెనక గేటులోంచి లోపలికి వచ్చేసరికి లాండ్రీ అంతా గోలగా ఉంది. బాయిలర్ గదిలో గుమాస్తా చచ్చి పడున్నాడు. ఎవరో ఇనుప కడ్డీతో తల మీద కొట్టారు. గుమాస్తా అంటే ఎవరికీ పడదు. సెలవడిగితే చాలు కుక్కలా మీదపడే మనిషి. వారం కిందటే నిచ్చెనతోనూ గొడవపడ్డాడు. గొడవంటే ఏముంది, గుమాస్తా అరిచాడు, నిచ్చెన తల వంచుకుని విన్నాడు. కానీ పోలీసులకి ఆ మాత్రం చాలు.

పోలీసులు అందర్నీ అడిగినట్టే పెదనాన్ననీ అడిగారు. ఆ మాటలు సూదక్క తన బల్ల దగ్గర నిలబడి చెవులారా విన్నది.

"బాయిలర్ గది వైపు ఎవరైనా వెళ్లడం చూశావా, పెద్దాయనా?"

"ఎవరో వెళ్లాడు బాబూ. భుజం మీద మూటుంది. వెనక నుంచి చూశాను."

"పొడుగా, పొట్టా?"

"ఆవిరి కదండీ... పొడుగ్గానే అనిపించాడు."

"ఇక్కడ పొడుగువాడంటే ఎవరు?"

"మా నిచ్చెన."

"వాడు పొద్దున పనిలోకి వచ్చాడా?"

"వచ్చాడు కదండీ. మేస్త్రీ పిలిస్తే పలికాడు."

"అయితే ఆ వెళ్లింది వాడేనా?"

పెదనాన్న కాసేపు ఆలోచించాడు. "వాడే అయ్యుంటాడు బాబూ" అన్నాడు.

వాడే అయ్యుంటాడు! అంతే, ఆ ఒక్క మాట. "వాడు ఇంట్లో పడుకుని ఉన్నాడు!" అని సూదక్క అక్కడికక్కడే గావుకేక పెట్టింది. "నువ్వు ఆగవమ్మా" అన్నాడు పోలీసు. పైనుంచి మేస్త్రీ దిగివచ్చాడు, ఊపిరాడకపోయినా సరే దిగివచ్చాడు. అక్కాతమ్ముళ్లిద్దరూ హాజరేనని చెప్పాడు. ఆ సాయంత్రమే నిచ్చెనని మంచం మీద నుంచి లేపి తీసుకుపోయారు. వాచిన దవడ చూసి, పెనుగులాటలో దెబ్బ తగిలిందని రాసుకున్నారు. చూశారా! ఉన్నది కూడా లేనిదానికే సాక్ష్యమైంది.

ఇక అక్కణ్ణుంచి పెదనాన్న మాట పెరగడం మొదలుపెట్టింది. ఎవరూ కావాలని పెంచలేదు. టీ కొట్టు దగ్గర ఒకడడుగుతాడు, "నిజంగా చూశావా పెదనాన్నా?" చూశానంటాడు. ఇంటికెళ్తే కోడలడుగుతుంది. పోలీసులు మళ్లీ పిలిచి అడుగుతారు. ప్రభుత్వ ప్లీడరు పిలిచి, కుర్చీ వేసి, కాఫీ ఇచ్చి అడుగుతాడు. అడిగినప్పుడల్లా ఆవిరి కొంచెం పలచబడింది. మొదట వీపు. తర్వాత నడక. తర్వాత పక్కకి తిరిగితే కనిపించిన చెవి, చెంప. చివరికి మొహం. కేసు కోర్టుకొచ్చే నాటికి పెదనాన్న కళ్ల ముందు నిచ్చెన నిలువెత్తు నిలబడి ఉన్నాడు. గోరంత కొండంత కావడమంటే ఇదే. దీనికి అబద్ధాలాడేవాడు ఒక్కడు కూడా అక్కర్లేదు.

కోర్టులో పెదనాన్న ఉతికిన చొక్కా వేసుకుని బోనులో నిలబడి ఏడ్చాడు. "నా చేతుల్లో పని నేర్చుకున్న పిల్లాడండీ. వాడి మీద చెప్పాల్సి వస్తుందనుకోలేదు. కానీ చూసింది చూడలేదని ఎలా చెప్పను? మొహం చూశానండీ" అన్నాడు. అది వింటే రాయైనా కరుగుతుంది. జడ్జిగారు కరిగారు. సూదక్క పెట్టుకున్న ప్లీడరుకి పెద్దాయన్ని గట్టిగా నిలదీయడానికి మొహమాటం. "పోలీసుల దగ్గర వెనక నుంచి చూశానన్నారు కదా?" అని ఒక్కమాట అడిగాడు. "వాళ్లు సగమే రాసుకున్నారండీ" అన్నాడు పెదనాన్న. ప్లీడరు కూర్చున్నాడు. మొహం చూస్తే వాచిన దవడ కనబడిందా అని అడగవయ్యా అని సూదక్క వెనక బెంచీ మీద నుంచి చెవి కొరికినంత పని చేసింది. "కోర్టులో అలా మాట్లాడకూడదమ్మా" అన్నాడాయన. ఆ మహానుభావుడికి మర్యాద ముఖ్యం.

తర్వాత ఆమె వంతు. తమ్ముడు ఇంట్లో ఉన్నాడని, పక్కనే కూర్చున్నానని చెప్పింది. ప్రభుత్వ ప్లీడరు చిన్నగా నవ్వాడు.

"ఆ పొద్దున నువ్వెక్కడున్నావు?"

"చెప్పానుగా. ఇంట్లో."

"మేస్త్రీ నీ పేరు పిలిచాడట. 'ఉన్నా' అన్నావట. మరి ఒకే వేళకి రెండు చోట్ల ఎలా ఉన్నావమ్మా?"

అప్పుడామె బదులు పలకడం గురించి చెప్పింది. ఎవరికెవరు పలుకుతారో మొత్తం విడమరిచి చెప్పింది. కోర్టు గది వెనక నిలబడ్డ లాండ్రీవాళ్లంతా ఒక్కసారిగా చెప్పులు చూసుకున్నారు. ఈ సంగతి నిజమని రుజువైతే ఇన్నేళ్ల హాజరూ దొంగ హాజరే. మేస్త్రీ ఉద్యోగం ఊడుతుంది, మేస్త్రీ కంటే ముందు వీళ్లవి ఊడతాయి. బొంగరాన్ని పిలిచారు. వాడు బోనెక్కి ఎటో చూస్తూ, "నేనెప్పుడూ ఎవరికీ పలకలేదండీ. ఎవడి పేరుకి వాడే పలుకుతాడు" అన్నాడు. ఒకే కంచంలో తిన్నవాడు! వాడి పెళ్లికి దుప్పట్లన్నీ సూదక్కే కుట్టిపెట్టింది. మడతల వదిన అసలు రానేలేదు. ముందు రోజు సూదక్క ఇంటికెళ్లి కాళ్లావేళ్లా పడితే, "పిల్లలుగలదాన్ని వదినా, నన్నొగ్గెయ్" అని తలుపేసుకుంది. కాళ్లావేళ్లా పడటం సూదక్కకి అలవాటు లేదు, అది మొదటిసారి. ఆ తలుపు మీద ఆమె కాలితో తన్నిన గుర్తు చాలా కాలం ఉంది.

జడ్జిగారు తీర్పులో అన్న మాటలు ఆమెకి ఇప్పటికీ నోటికొచ్చు. పెద్దాయనకి ముద్దాయి మీద పగ లేదు. అబద్ధం చెప్పాల్సిన అవసరం లేదు. ఎన్ని ప్రశ్నలు వేసినా తడబడలేదు. ఇక అక్కకి తమ్ముడి మీద ప్రేమ ఉంది, పైగా ఆమె ఎక్కడుందో ఆమెకే నిలకడైన మాట లేదు, కాబట్టి ఆమె సాక్ష్యం నమ్మదగింది కాదు. నిచ్చెనకి యావజ్జీవం.

"ఆయన అబద్ధం చెప్పాడని ఎవడన్నాడయ్యా?" అని ఆమె లేచి నిలబడి అరిచింది. "అబద్ధం చెప్పలేదు, తప్పు చెప్పాడు! తప్పు చెప్పడానికి పగెందుకు? కళ్లుంటే చాలదూ!" బంట్రోతు ఆమెని రెక్క పట్టుకుని బయటికి లాగాడు. లోపల నిచ్చెన అక్క వైపు చూసి, గొడవ చెయ్యొద్దన్నట్టు చెయ్యి ఊపాడు. వాడెప్పుడూ అంతే.

గుమాస్తాని అసలెవరు చంపారంటారా? ఎవరికీ తెలియదు, ఎవరూ వెతకలేదు. ఒకడు దొరికాక ఇంకొకడితో ఏం పని?

సూదక్క లాండ్రీ మానేస్తుందని అందరూ అనుకున్నారు. మర్నాడు పొద్దున్నే వచ్చి తన బల్ల ముందు కూర్చుంది. "నేనెందుకు మానాలి? నా మొహం చూసి సిగ్గుపడాల్సినవాళ్లు మీరు. పడండి" అంది. పడ్డారు. బొంగరం ఆమె బల్లకి దూరంగా చుట్టూ తిరిగి పోయేవాడు. మడతల వదినకి ఇద్దరి మధ్య గోడలా దుప్పట్లు పేర్చుకోవడం అలవాటైంది. విచిత్రమేమిటంటే బదులు పలకడం ఆగలేదు. రెండు నెలలు భయపడ్డారు, మళ్లీ మొదలెట్టారు. పెదనాన్న మాత్రం కోర్టులో బొంగరం కాదన్నదే నమ్మాడు. కుక్క తోక వంకర ఎక్కడికి పోతుంది?

పెదనాన్నతో మాత్రం ఆమె మాట్లాడలేదు. ఆయన ఇస్త్రీ బల్ల ఆమెకి ఎదురుగానే ఉంది. రోజూ ఆ తెల్లతల కనబడుతుంది. దొంగసాక్షి అయితే బాగుండేది, కాలర్ పట్టుకుని నాలుగు వాయించేది. ఈయన్నేం చేయాలి? ఆయన నిచ్చెన కోసం దేవుడికి దణ్ణం పెట్టుకుంటాడట. మనసు మారి మంచివాడై రావాలని! అది విన్న రోజు సూదక్క సూది వేలిలో దిగబడింది.

పై కోర్టులో అప్పీలు వేశారు. ఏళ్లు గడిచాయి. కొత్త ప్లీడరమ్మ ఒకావిడ కుదిరింది, పాతాయన కంటే నయం, ఫోనెత్తేది. "కొత్తగా ఏమైనా ఉంటే తప్ప కష్టం" అని ఆమె దాపరికం లేకుండా చెప్పింది. "కింది కోర్టు జడ్జిగారు సాక్షిని కళ్లతో చూశారు, నమ్మారు. పైవాళ్లకి కాగితాలే కనబడతాయి. ఆయన నమ్మినవాణ్ణి వీళ్లు కాదనరు."

కొత్తది ఒక పొద్దున దానంతటదే దొరికింది. బొంగరం రాలేదు. మేస్త్రీ పిలిచాడు, ఇంకెవడో "ఉన్నా" అన్నాడు. సూదక్క తలెత్తి చూసింది. పెదనాన్న దించిన తల ఎత్తకుండా ఇస్త్రీ చేసుకుంటున్నాడు. ఆమె నోట్లో సూదులు ఒక్కొక్కటే తీసి బల్ల మీద గుచ్చింది. భోజనాల వేళ దాకా ఆగింది. అంతసేపు ఆగడం ఆమె జన్మలో అదే మొదలు. అందరూ డబ్బాలు విప్పుకుని కూర్చున్నాక, ఇన్నేళ్ల తర్వాత మొదటిసారి ఆయనతో మాట్లాడింది.

"పెదనాన్నా, బొంగరం కనబడ్డాడా ఇవాళ?"

ఆయన ఉలిక్కిపడ్డాడు. తనతో మాట్లాడిందన్న సంతోషం మొహంలో కనబడింది. "కనబడ్డాడమ్మా. యంత్రం దగ్గరే ఉన్నాడుగా."

"నీ దగ్గరికొచ్చాడా?"

"వచ్చాడు. తెల్ల దుప్పట్ల మోపు తెచ్చి పడేసి పోయాడు."

"మొహం చూశావా?"

"చూడకపోవడమేంటమ్మా? వాణ్ణి ఎరగనా?"

ముద్ద నోటి దగ్గర పెట్టుకున్నవాళ్లు అలాగే ఉండిపోయారు. కాసేపటికి గేటు చప్పుడైంది. బొంగరం వచ్చాడు, చంకలో సంచితో, వానకి తడిసిన బట్టలతో. ఊరు నుంచి బస్సు దిగి నేరుగా వస్తున్నాడు. అందరూ తనవైపే చూస్తుంటే గుమ్మంలోనే ఆగిపోయి, "ఏమైంది? మేస్త్రీ అడిగాడా? ఎవరైనా పలికారా?" అన్నాడు.

పెదనాన్న చేతిలో ముద్ద డబ్బాలో పడింది. బొంగరం వైపు చూశాడు, దుప్పట్ల మోపు వైపు చూశాడు, మళ్లీ బొంగరం వైపు చూశాడు. "మరి తెచ్చిందెవరు?" అన్నాడు. నేనే తెచ్చాను పెదనాన్నా అని వెనకెవడో గొణిగాడు. ఆయన రెండు చేతులతో మొహం కప్పుకుని, "వాడూ ఇలాగేనా? నిచ్చెన కూడా ఇలాగేనా?" అని అడిగాడు. జవాబు ఎవరికి కావాలి? సూదక్క బొంగరం చొక్కా పట్టుకుంది. "చెప్పరా! ఆ రోజు వాడికి పలికింది నువ్వు కాదూ? చెప్పు!" వాడు వెక్కివెక్కి ఏడ్చాడు, "నేనే అక్కా, నేనే, నన్ను చంపెయ్" అన్నాడు. అందరి ముందరా అన్నాడు. కోర్టుకొచ్చి చెప్తానని ఒట్టేశాడు. మర్నాటి నుంచి పనిలోకి రాలేదు, ఇల్లు ఖాళీ చేసి ఎటో పోయాడు. వాడి ఒట్టు గట్టుమీద పెట్టాలి.

పెదనాన్న పారిపోలేదు. అది ఒప్పుకోవాలి. కోడలు వద్దని మొత్తుకుంది. ప్లీడరమ్మ కూడా మంచిచెడ్డలు చెప్పింది, తప్పుడు సాక్ష్యం చెప్పారని మీ మీదే కేసు పెట్టొచ్చు అంది. "పెట్టుకోనీ అమ్మా" అన్నాడు. పై కోర్టు ఆయన్ని మళ్లీ విచారించడానికి ఒప్పుకుంది. సూదక్కకి ఆ రోజు ఆశ పుట్టింది. నిజం చెబుతున్నాను, తమ్ముడి పక్కబట్టలు కూడా ఉతికి ఆరేసింది.

పెదనాన్న బోనులో నిలబడి ఉన్నదున్నట్టు చెప్పాడు. పిలుపు విన్నాను, జవాబు విన్నాను, వాడున్నాడనుకున్నాను, ఆవిరిలో వీపు చూశాను, మొహం నా మనసు పెట్టింది అన్నాడు. అంతకంటే బాగా ఎవరు చెప్పగలరు? ప్రభుత్వ ప్లీడరు లేచాడు. ఈసారి కాఫీ లేదు.

"అప్పుడు అబద్ధం చెప్పారా, ఇప్పుడు చెబుతున్నారా?"

"రెండుసార్లూ నాకు నిజమనిపించిందే చెప్పానండీ."

"ముద్దాయి అక్క, మీరు ఎదురెదురుగా కూర్చుని పనిచేస్తారట. నిజమేనా?"

"నిజమేనండీ."

"ఇన్నేళ్లుగా ఆవిడ మీతో మాట్లాడలేదట. మీకు బాధగా ఉండేదా?"

"ఉండేదండీ. చాలా."

"ఇప్పుడు మాట్లాడుతోందా?"

పెదనాన్న తల దించుకున్నాడు. "మాట్లాడుతోందండీ" అన్నాడు. అబద్ధమాడటం ఆయనకి చేతకాదు కదా!

అప్పీలు కొట్టేశారు. సంఘటన జరిగిన కొత్తలో జ్ఞాపకం తాజాగా ఉంటుంది, అప్పుడు చెప్పిందే నమ్మదగిందన్నారు. ఇన్నేళ్ల తర్వాత మాట మార్చడం జాలి వల్లో, ఒత్తిడి వల్లో అయ్యుంటుందన్నారు. బదులు పలికానని చెప్పే మనిషి ఎవరూ ముందుకు రాలేదన్నారు. మొహం చూసినవాడికి వాచిన దవడ కనబడలేదా అన్న ప్రశ్న కింది కోర్టులో ఎత్తలేదు కాబట్టి ఇప్పుడు ఎత్తకూడదన్నారు. తప్పు చెప్పినప్పుడు ఆయన సత్యహరిశ్చంద్రుడు. ఆ తప్పు ఒప్పుకున్నప్పుడు పక్షపాతి. బయటి మెట్ల మీద ప్లీడరమ్మ ఇంకా పైకి వెళ్లొచ్చని ఏదో చెబుతోంది. సూదక్కకి చెవులు పనిచేయలేదు. పెదనాన్న మెట్ల మీద చతికిలబడి, "నేను చెప్తే అప్పుడు నమ్మారు కదమ్మా! ఇప్పుడూ నేనే కదా!" అని అదే మాట అంటున్నాడు. ఆమె ఆయన్ని లేవనెత్తి, చెయ్యి పట్టుకుని బస్సెక్కించింది. ఆ చెయ్యి నరికేద్దామన్నంత కోపం అప్పటికీ ఉంది. చెయ్యి మాత్రం వదల్లేదు.

ఆ వారమే జైలుకెళ్లింది. కబురు తనే చెప్పాలి. ఇనుప జాలీ అవతల నిచ్చెన వచ్చి కూర్చున్నాడు. నడుం వంగిపోయింది, నిచ్చెన అనే పేరు వాడికిప్పుడు నప్పదు. ఆమె గబగబా చెప్పేసింది, జడ్జీలని తిట్టింది, బొంగరాన్ని తిట్టింది, ఇంకో కోర్టుందంది, వదిలేది లేదంది. వాడు విన్నాడు. గోడ మీద గడియారం వైపోసారి చూశాడు.

"అక్కా, కోప్పడనంటే ఒకటడుగుతాను."

"అడుగు."

"ఇక్కడ వారం వారం ఒక పెద్దమనిషి వచ్చి మమ్మల్ని కూర్చోబెడతాడు. చేసిన తప్పు నోటితో చెప్పాలంటాడు. చెప్పనివాడు మారలేదని రాస్తారు. మొదట్లో నేను చెయ్యలేదన్నాను. రాసుకున్నారు. అందరూ, చెప్పేసెయ్ రా, ఏం పోయింది అన్నారు. సరేనని చెప్పడం మొదలెట్టాను."

"ఏం చెప్పావురా?"

"కోర్టులో పెదనాన్న చెప్పిందే. భుజం మీద మూట, బాయిలర్ గది, ఆ కడ్డీ. చెప్పీ చెప్పీ ఇప్పుడు కళ్లు మూసుకుంటే అదే వస్తోంది. మూట బరువు కూడా తెలుస్తోంది. ఇల్లు మాత్రం ఎంత తల్చుకున్నా రావట్లేదు." వాడు ముందుకి వంగి గొంతు తగ్గించాడు. "నిజం చెప్పక్కా. ఆ రోజు నేను ఇంట్లోనే ఉన్నానా?"

సూదక్క రెండు చేతులతో జాలీ పట్టుకుని ఊపేసింది. "ఉన్నావురా సన్నాసీ! నా పక్కన పడుకున్నావు! నా కొంగు నోట్లో కుక్కుకుని చిన్నపిల్లాడిలా ఏడ్చావు! నీళ్లు ఉప్పగా ఉన్నాయని చెంబు నా మీదికి విసిరావు! నేను చూశాను, ఈ కళ్లతో చూశాను, ఎవడికిరా తెలుసు నాకంటే!" పక్కన మాట్లాడుకుంటున్నవాళ్లంతా ఆగి చూశారు. వార్డరు "ఏయ్, చిన్నగా" అంటూ వచ్చాడు.

నిచ్చెన ఆమెని ఊరడిస్తున్నట్టు నవ్వాడు. "సరేలే అక్కా, ఏడవకు. నువ్వు చూశానంటున్నావుగా. ఉండే ఉంటాను."

"ఉండే ఉండటమేంట్రా! ఉన్నావు! ఉన్నానని అను!"

వార్డరు వాడి భుజం మీద చెయ్యి వేసి లోపలికి తిప్పాడు. వాడు వెళ్తూ వెళ్తూ సరే సరేనని తలూపాడు, అక్కడ ఎవరేం చెప్పినా ఊపినట్టే.